పరిహారం తక్కువొచ్చిందా? అప్పీలుకి ముందు ఆ చివరి పేజీలు చదవండి

నమస్తే అండి. నేను లాయర్ని. మొన్న మా ఆఫీసుకి ఒక టైల్స్ మేస్త్రీ వచ్చారు. ముప్పై నాలుగేళ్ల మనిషి. బైక్ మీద వెళ్తుంటే లారీ గుద్దింది. మోకాలి చిప్ప పగిలి రెండు ఆపరేషన్లయ్యాయి. ఇప్పుడు నడుస్తున్నారు, చూడ్డానికి బాగానే ఉన్నారు. కుర్చీలో కూర్చున్నాక మాత్రం ఆ కాలు నా టేబుల్ కిందకి చాపి పెట్టుకున్నారు. వంగదు. రోడ్డు ప్రమాదాల పరిహారం తేల్చే ట్రిబ్యునల్ అన్నీ కలిపి నాలుగున్నర లక్షలు ఇచ్చింది. "ఇంత నరకం చూశాను, ఇంతేనా మేడం? హైకోర్టుకి పోదాం" అన్నారు.

పోవచ్చు. కానీ "ఇంత నరకం చూశాను" అన్న మాట మీద అప్పీలు పెద్దగా నడవదండి. నొప్పి, బాధ అనేది అవార్డులో, అంటే ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పులో, ఒక పద్దు మాత్రమే, అదీ చిన్న పద్దు. అసలు డబ్బంతా ఇంకో పద్దులో ఉంటుంది: శాశ్వత వైకల్యం వల్ల ఇకపై పోయే సంపాదన. అవార్డు చివరి పేజీల్లో ఆ లెక్క ఉంటుంది. చాలామంది కింద ఉన్న మొత్తం చూసి కాగితం మడిచేస్తారు.

ఈయన ఫోన్లో దించుకున్న పీడీఎఫ్ తెరిచి చూశాను. నెల ఆదాయం 8,000 అని పట్టుకున్నారు. ఏడాదికి 96,000. వయసుని బట్టి 16తో గుణించారు. అది కరెక్టే, 31 నుంచి 35 ఏళ్ల వాళ్లకి సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులో ఇచ్చిన అంకె అదే. దాంట్లో వైకల్యం 20 శాతం. వచ్చింది 3,07,200. మిగతాది మందుల బిల్లులూ అవీ.

ఆ 20 ఎక్కడిది? డాక్టర్లిచ్చిన వైకల్యం సర్టిఫికెట్‌లో కాలికి 40 శాతం అని ఉంది. ఒక కాలికి 40 అంటే ఒళ్లంతటికీ సగం అని 20 చేశారు. మనం పట్టుకోవాల్సింది ఇక్కడే.

2010లో రాజ్‌కుమార్ వర్సెస్ అజయ్‌కుమార్ అని సుప్రీంకోర్టు తీర్పు ఉంది. గాయాల కేసుల్లో మా అందరికీ అదే పెద్ద బాలశిక్ష. అందులో ఒక ఉదాహరణ చెప్పారు. ఎడమ చెయ్యి పోయింది, వైకల్యం 60 శాతం అనుకోండి. ఆ మనిషి డ్రైవరో వడ్రంగో అయితే సంపాదన దాదాపు నూటికి నూరూ పోయినట్టే. అదే గవర్నమెంటు గుమాస్తా అయి ఉద్యోగం నిలబడితే అంత నష్టం లేదు. అంటే శరీరంలో ఎంత శాతం పోయిందని కాదు, ఆ మనిషి చేసే పనిలో ఎంత పోయిందని చూడాలి.

ఇప్పుడు టైల్స్ పని ఎలా చేస్తారో గుర్తు తెచ్చుకోండి. పొద్దున్నుంచి సాయంత్రం దాకా గొంతుక్కూర్చునే. మోకాలు వంగని మనిషి నడవగలడు, బజారుకి వెళ్లగలడు, టైల్ మాత్రం వెయ్యలేడు. అదృష్టం ఏంటంటే, ఆపరేషన్ చేసిన డాక్టరు గారు కోర్టుకొచ్చి "ఈయన గొంతుక్కూర్చోలేడు" అని సాక్ష్యం చెప్పారు. ఆ ఒక్క వాక్యం రికార్డులో ఉంది కాబట్టి నేను హైకోర్టులో మాట్లాడగలను. డాక్టర్ని పిలవకుండా సర్టిఫికెట్ ఒక్కటే పెట్టి ఊరుకున్న కేసులు చాలా కష్టం. అప్పీలులో కొత్త సాక్ష్యం అంత తేలిగ్గా తీసుకోరు.

ఇక ఆ 8,000. జీతం కాగితం లేదు కాబట్టి అంతేనన్నారు. మేస్త్రీకి జీతం స్లిప్పు ఎవరిస్తారండీ? కూరగాయలు అమ్ముకునే ఒకాయన కుడికాలు పోయిన కేసులో 2014లో సుప్రీంకోర్టు, కాగితం లేకపోయినా నెలకి 6,500 పట్టుకుంది, సంపాదన నష్టం 85 శాతం అంది. పైగా మా మేస్త్రీ గారి అవార్డులో భవిష్యత్తులో పెరిగే ఆదాయం అసలు కలపనే లేదు. సొంతంగా పనిచేసుకునేవాళ్లకి 40 ఏళ్ల లోపైతే 40 శాతం కలపాలని 2017లో ప్రణయ్ సేథీ తీర్పు. అది చనిపోయినవాళ్ల కేసులకేనని కొన్నిచోట్ల వాదించేవాళ్లు. గాయాల కేసులకీ వర్తిస్తుందని 2020లో పప్పు దేవ్ యాదవ్ కేసులో తేల్చేశారు.

లెక్క మళ్లీ వేద్దాం. నెలకి 12,000 అని అడిగామనుకోండి, దానికి 40 శాతం కలిపితే 16,800. ఏడాదికి 2,01,600. పదహారుతో గుణిస్తే 32,25,600. నష్టం 60 శాతం అంటే 19,35,360. మూడు లక్షలు ఎక్కడ, పంతొమ్మిది లక్షలు ఎక్కడ! అలాగని అంతా ఇస్తారని చెప్పను. 60 అడిగితే 35 దగ్గర ఆగొచ్చు. ఏళ్లు పట్టొచ్చు. అటువైపు ఇన్సూరెన్స్ కంపెనీ కూడా తగ్గించమని రావచ్చు. ఇవన్నీ ఆయనకి ముందే చెప్పాను.

"ఈలోగా ఆ నాలుగున్నర తీసుకుంటే అప్పీలు పోతుందా?" అని అడిగారు. పోదు, ఇచ్చింది తీసుకుని మిగతాదానికి కొట్లాడొచ్చు. పోయేది ఎప్పుడంటే, లోక్ అదాలత్‌లో రాజీపడి సంతకం పెట్టినప్పుడు. దాని మీద అప్పీలు లేదు. "ఇవాళే చెక్కు" అని తొందరపెడితే కాసేపు ఆగి ఈ లెక్క వేసుకోండి. ఫీజు టెన్షన్ ఉన్నవాళ్లకి ఇంకో మాట: ఆడవాళ్లకి, ఎస్సీ ఎస్టీలకి, వికలాంగులకి హైకోర్టు న్యాయ సేవల కమిటీ లాయర్ని ఉచితంగా ఇస్తుంది.

గడువు 90 రోజులు, మోటారు వాహనాల చట్టం 173వ సెక్షన్. దాటితే సరైన కారణం చూపించి అడగొచ్చు, ఒప్పుకోవడం కోర్టు ఇష్టం. మా మేస్త్రీ గారి అవార్డు వచ్చి ఎన్ని రోజులైందని లెక్కపెడితే ఎనభై రెండు. ఫోన్లో పీడీఎఫ్ ఉంది కదా అని కోర్టు ముద్ర వేసి ఇచ్చే సర్టిఫైడ్ కాపీకి అప్లికేషనే పెట్టలేదు. అప్పీలుకి ఆ కాపీ కావాలి, పైగా కాపీ కోసం పట్టిన రోజులు గడువులోంచి తీసేస్తారు. అప్పటికి టైము నాలుగున్నర. మా జూనియర్ టీ గ్లాసు అక్కడే పెట్టేసి కోర్టుకి పరిగెత్తాడు.