డల్లాస్ కౌబాయ్స్ కోచ్‌లు: ఎవరికెన్ని మార్కులు?

నమస్తే అండీ. డల్లాస్ నుంచి అర్లింగ్టన్ వైపు ఐ-30 మీద వెళ్తుంటే పక్కన 'టామ్ లాండ్రీ హైవే' అని బోర్డు కనిపిస్తుంది. ఇర్వింగ్ వచ్చిన కొత్తలో ఆయనెవరో పాత గవర్నర్ అనుకున్నాను. కాదు, డల్లాస్ అమెరికన్ ఫుట్‌బాల్ టీమ్ కౌబాయ్స్‌కి మొట్టమొదటి కోచ్! ఇవాళ ఆ టీమ్ హెడ్ కోచ్‌లకి పదికి మార్కులు వేద్దాం. ఆట రూల్స్ తెలియకపోయినా పర్లేదు, మా ఇంట్లో సగం మందికి తెలియవు.

1960లో టీమ్ పుట్టింది. ఆ ఏడాది 12 మ్యాచ్‌లాడితే 11 ఓటములు, ఒక టై. గెలుపు సున్నా. ఇంకో మూడేళ్లూ అంతంతమాత్రమే. అయినా 1964లో ఓనర్ క్లింట్ మర్చిసన్ ఏం చేశాడు? లాండ్రీ కాంట్రాక్టు పదేళ్లు పొడిగించాడు! ఆ నమ్మకం ఊరికే పోలేదు. 1966 నుంచి 1985 దాకా 20 సీజన్లు వరసగా ఓటములకన్నా గెలుపులే ఎక్కువ. లీగ్ ఛాంపియన్ ఎవరో తేల్చే ఫైనల్ సూపర్ బౌల్, అది రెండుసార్లు గెలిచాడు. సూటు, నెత్తిన టోపీ, గెలిచినా ఓడినా అదే మొహం. నా లెక్కలో తొమ్మిదిన్నర.

1989 ఫిబ్రవరి 25న జెర్రీ జోన్స్ దాదాపు 14 కోట్ల డాలర్లకి టీమ్ కొన్నాడు. అదే రోజు ఆస్టిన్ దగ్గర గోల్ఫ్ కోర్సులో ఉన్న లాండ్రీ దగ్గరికి వెళ్లి, ఇక మీరు వద్దని చెప్పాడు. ముందు సీజన్ 3-13 (అంటే మూడు గెలుపులు, 13 ఓటములు), మార్పు అవసరమే, ఒప్పుకుంటాను. కానీ 29 సీజన్లు పనిచేసిన మనిషిని పంపే పద్ధతా అది?

వచ్చింది జిమ్మీ జాన్సన్, జెర్రీ కాలేజీ టీమ్‌మేట్. మొదటి ఏడాది 1-15. సీజన్ మధ్యలోనే టీమ్‌లోని పెద్ద స్టార్ హెర్షెల్ వాకర్‌ని మిన్నెసోటా టీమ్‌కి ఇచ్చేసి, బదులుగా బోలెడన్ని డ్రాఫ్ట్ పిక్స్, అంటే కాలేజీ నుంచి వచ్చే కొత్త ఆటగాళ్లని ఎంచుకునే వంతులు, తీసుకున్నాడు. జనం తిట్టారు. 1992, 1993 సీజన్లలో వరసగా రెండు సూపర్ బౌల్స్ గెలిచాక నోళ్లు మూతపడ్డాయి. పదికి పది. కానీ 1994 మార్చిలో, ఈ టీమ్‌తో ఏ 500 మంది కోచ్‌లైనా గెలుస్తారన్నట్టు జెర్రీ మాట్లాడాడు. ఆ నెలలోనే జిమ్మీ వెళ్లిపోయాడు.

బ్యారీ స్విట్జర్ 1996 జనవరిలో ఇంకో కప్పు తెచ్చాడు. జిమ్మీ వండిన కూర వడ్డించాడంతే, ఆరు. తర్వాత కోచ్ గెయిలీ రెండేళ్లు. క్యాంపో మూడేళ్లూ అచ్చంగా 5-11, ఇంతకన్నా నిలకడ ఎవరికుంది చెప్పండి?

పార్సెల్స్ పెద్ద పేరే, కానీ మన టీమ్‌తో ప్లేఆఫ్స్‌లో (సీజన్ చివరి నాకౌట్ మ్యాచ్‌లు) ఒక్క గెలుపూ లేదు. 2007 జనవరి, సియాటిల్. 19 గజాల ఫీల్డ్ గోల్ కొడితే, అంటే బంతిని తన్ని గోల్ స్తంభాల మధ్యగా పంపితే, ఆధిక్యం మనదే. బంతి పట్టి నిలబెట్టాల్సిన టోనీ రోమో చేతిలోంచి అది జారింది. తీసుకుని పరుగెత్తాడు, గోల్ లైన్ ముందే పడేశారు. 21-20, ఓటమి. పార్సెల్స్‌కి అదే ఆఖరి మ్యాచ్. ఆరు.

వేడ్ ఫిలిప్స్‌ని 2010లో 1-7 దగ్గర సీజన్ మధ్యలోనే ఇంటికి పంపారు. గారెట్ వరసగా మూడేళ్లు 8-8. ఇద్దరికీ చెరో అయిదు.

మైక్ మెకార్తీ కథ వేరు. 2011 ఫిబ్రవరిలో గ్రీన్ బే టీమ్ కోచ్‌గా ఆయన సూపర్ బౌల్ గెలిచింది ఎక్కడో తెలుసా? అర్లింగ్టన్‌లో, కౌబాయ్స్ స్టేడియంలోనే! తర్వాత మనకి కోచ్ అయ్యి, వరసగా మూడేళ్లు పన్నెండేసి గెలుపులు తెచ్చి, 2024 జనవరిలో అదే స్టేడియంలో అదే గ్రీన్ బే చేతిలో 48-32తో ఓడాడు. ఏడు.

2025లో వచ్చిన బ్రయన్ షాటెన్‌హైమర్ అంతకుముందు ఎక్కడా హెడ్ కోచ్‌గా చెయ్యలేదు. పరీక్ష రాస్తున్నవాడికి ఇప్పుడే మార్కులెందుకు?

అన్నట్టు, ఎవరిని తేవాలి, ఎవరిని పంపాలి అని తేల్చే జనరల్ మేనేజర్ కుర్చీలో 1989 నుంచీ జెర్రీయే. మొదటి ఏడేళ్లకి తొమ్మిది వేస్తాను. మిగతా ఏళ్లకి మీరు వేసి కామెంట్లో పెట్టండి. ఉంటానండీ.