గోడలకు చెవులున్న ఇంట్లో

అందరికీ నమస్కారం.

ఇంకాసేపట్లో మనం చూడబోయే ‘చెవి’ సినిమా కమ్యూనిస్టు పాలనలోని చెకొస్లొవాకియాలో 1970లో తయారైంది, 1990లో విడుదలైంది. మధ్యలో ఇరవై ఏళ్లు నిషేధంతో డబ్బాల్లోనే ఉండిపోయింది. దర్శకుడు కారెల్ కఖిన్యా గురించి చాలామంది రాశారు. నేను మాత్రం కథ రాసిన యాన్ ప్రొఖాజ్కా గురించే మాట్లాడతాను. ఈ కథ ఆయన తప్ప ఇంకొకరు రాయలేరని నా నమ్మకం.

నిషేధానికి గురైన రచయిత అనగానే మొదటి నుంచీ సర్కారుతో తలపడ్డ మనిషే మన మనసులో మెదులుతాడు. ప్రొఖాజ్కా అలాంటివాడు కాదు. 1929లో మొరావియాలోని ఇవాన్చిత్సెలో, రైతు కుటుంబంలో పుట్టారు. వ్యవసాయం చదివారు. యువజన సంఘం తరఫున ప్రభుత్వ వ్యవసాయ క్షేత్రం నడిపారు. కమ్యూనిస్టు పార్టీని మనస్ఫూర్తిగా నమ్మారు. 1950ల చివర ప్రాగ్‌లోని బారాండొవ్ సినిమా స్టూడియోకి వచ్చాక పైపైకి ఎదిగారు. దేశాధ్యక్షుడు నొవొత్నీకి బాగా కావలసినవాడయ్యారు, పార్టీ కేంద్ర కమిటీలో అభ్యర్థి సభ్యుడి హోదా కూడా దక్కింది. అంటే పెద్దల పంక్తిలో కూర్చుని భోంచేసిన మనిషి.

ఆ చనువు లేకపోతే ఆయన కథలు కొన్ని తెరకెక్కేవే కావనుకుంటాను. 1966 నాటి ‘వియన్నాకి బండి’నే తీసుకోండి. యుద్ధం ముగిసే రోజులు. జర్మన్లు భర్తను ఉరితీసిన ఒక పల్లెటూరి ఆడమనిషి. జర్మన్ సైన్యంలోని ఇద్దరు సైనికులు పారిపోతూ ఆమె గుర్రబ్బండి ఎక్కి సరిహద్దు దాకా తోలమంటారు. సినిమా దాదాపు మొత్తం అడవిలో, ఆ బండి మీదే. పగతో బయల్దేరిన మనిషి మెల్లగా కుర్ర సైనికుడి మీద జాలిపడుతుంది. చివర్లో ఘోరం చేసేది జర్మన్లు కాదు, సొంత దేశపు గెరిల్లాలు. విముక్తి పోరాటమంటే దేవుడి కథలా చెప్పుకునే రోజుల్లో ఇలా రాయడానికి గుండె ఉండాలి, వెనక కాస్త అండా ఉండాలి. ఆయనకు రెండూ ఉన్నాయి.

అండ ఎక్కువకాలం నిలవలేదు. రచయితలు సర్కారును బాహాటంగా విమర్శించిన 1967 మహాసభ తర్వాత కేంద్ర కమిటీ హోదా పోయింది. 1968 ఆగస్టులో, దేశంలో మొదలైన సంస్కరణల్ని అణచడానికి సోవియట్ ట్యాంకులు వచ్చాయి. ‘చెవి’ చిత్రీకరణ ఆ తర్వాతే జరిగింది.

కథ ఒక్క రాత్రిలో ముగుస్తుంది. ఉపమంత్రి లుద్విక్, భార్య ఆన్నా సర్కారు విందు నుంచి బాగా తాగి ఇంటికొస్తారు. తాళంచెవులు కనబడవు. ఇంట్లో కరెంటు లేదు, ఫోన్ పనిచేయదు, పొరుగిళ్లలో మాత్రం లైట్లు వెలుగుతున్నాయి. తన మంత్రిని అరెస్టు చేశారని విందులోనే లుద్విక్‌ చెవిన పడింది. ఇక టెన్షన్ మొదలు. కొవ్వొత్తి వెలుగులో కాగితాలు కాల్చి టాయిలెట్లో పోస్తుంటాడు. ఎవరు పలకరించారు, ఎవరు మొహం చాటేశారు, తానేం వాగాడు అని విందులో జరిగినవన్నీ నెమరేస్తుంటాడు. ఆన్నా గొడవ వేరే. ఇవాళ పెళ్లిరోజని మర్చిపోయావు కదా, అంటుంది. రాజకీయ సినిమాల్లో భార్యకు సాధారణంగా కన్నీళ్లు తప్ప పనుండదు. ఈమె నోటికి మాత్రం అడ్డూ అదుపూ లేదు. సర్కారు చాటుగా వినడానికి పెట్టిన మైకులు ఫలానా గదుల్లో ఉండవని నమ్మి అక్కడే నిజాలు మాట్లాడుకునే మొగుడూ పెళ్లాలు వీళ్లు. ఆ నమ్మకం ఏమవుతుందో, చివర్లో ఫోన్ ఎందుకు మోగుతుందో నేను చెప్పను.

సినిమా తయారైన ఏడాదే, 1970లో, టీవీలో ఒక కార్యక్రమం వచ్చింది. ప్రొఖాజ్కా, ప్రొఫెసర్ వాత్స్లావ్ చెర్నీ నాలుగు గోడల మధ్య చెప్పుకున్న కబుర్లను రహస్య పోలీసులు ఎప్పుడో రికార్డు చేసి ఉంచారు. వాటిని ఏరి, కత్తిరించి, అతికించి దేశమంతటికీ వినిపించారు. స్నేహితుల మీద ఎవరైనా చాటున వేసుకునే విసుర్లూ అందులో ఉన్నాయి. జనం మొదట ప్రొఖాజ్కానే తప్పుపట్టారనీ, చాటుగా వినడమే అసలు నేరమని తర్వాత గ్రహించారనీ చెక్ నవలాకారుడు మిలాన్ కుందేరా రాశాడు.

ఆ ఏడాది కఖిన్యా తీసిన పిల్లల సినిమాకీ ప్రొఖాజ్కా పనిచేశారు. తెరమీద మాత్రం ఆయన పేరుకు బదులు ఓటా హోఫ్మన్ అనే మరో రచయిత పేరు వేశారు. 1971 ఫిబ్రవరిలో ప్రొఖాజ్కా క్యాన్సర్‌తో పోయారు. వయసు 42.

అవకాశవాది, ఆలస్యంగా మేల్కొన్నాడు అని ఆయన్ని తీసిపారేసేవాళ్లున్నారు. ఆ పంక్తిలో కూర్చోనివాడికి లుద్విక్ భయం ఇంత దగ్గరగా తెలిసేది కాదని నేనంటాను. ఒప్పుకోకపోతే సినిమా అయ్యాక వాదించుకుందాం. నిడివి గంటన్నర, మధ్యలో విరామం లేదు.