అట్టపెట్టెలో 420 ఓట్లు

1962 అక్టోబరు 1. అమెరికాలోని జార్జియా రాష్ట్రంలో ప్లెయిన్స్ అనే చిన్న ఊరు. ఒక వేరుశనగ రైతు పొద్దున్నే లేచి, రోజూ గోదాముకు వేసుకెళ్లే బట్టలు పక్కనపెట్టి, ఆదివారం చర్చికి దాచుకున్న ప్యాంటు తొడుక్కున్నాడు. ఎవరి అంత్యక్రియలకైనా వెళుతున్నారా అని భార్య అడిగింది. కాదు, రాష్ట్ర సెనేటుకు (రాష్ట్ర చట్టసభలో ఎగువ సభ) పోటీ చేస్తున్నానని పేపర్లో ప్రకటన ఇచ్చి వస్తానన్నాడు. ఆవిడ ఆ మాట వినడం అదే మొదలు! ఆ రోజు ఆయన 38వ పుట్టినరోజు కూడా.

నమస్కారం. ఆ రైతు జిమ్మీ కార్టర్, ఆవిడ రోజలిన్. అవును, తర్వాత అమెరికా అధ్యక్షుడైన కార్టరే. వైట్‌హౌస్ కబుర్లు చెప్పేవాళ్లు బోలెడుమంది ఉన్నారు కాబట్టి నేను అటు పోను. నాకు ఆ ప్యాంటు మార్చుకున్న రైతు కథే ఇష్టం.

నిజానికి ఆయన నౌకాదళంలో అధికారి, అణు జలాంతర్గాముల మీద పనిచేస్తున్నాడు. 1953లో తండ్రి క్యాన్సర్‌తో చనిపోవడంతో ఉద్యోగం వదిలేసి ఊరికి వచ్చేశాడు. రోజలిన్‌కు అసలు ఇష్టం లేదు, దారి పొడవునా ముభావంగానే ఉందట. వచ్చాక ఏమైంది? మరుసటి ఏడాది కరవు. అంతా లెక్క చూసుకుంటే 200 డాలర్లు కూడా మిగల్లేదు. పేదల కోసం కట్టిన ప్రభుత్వ ఇళ్లలో కాపురం. ఆయన ఎరువుల బస్తాలు మోసేవాడు, ఆవిడ ఖాతాలు రాసేది. విత్తన వేరుశనగ వ్యాపారంతో మెల్లగా నిలదొక్కుకున్నారు.

తర్వాత జిల్లా లాంటి కౌంటీకి స్కూలు బోర్డు సభ్యుడయ్యాడు. ఇక్కడ ఒక విషయం దాచకూడదు. తెల్లపిల్లలు బస్సుల్లో బడికి వెళుతున్నారని, నల్లపిల్లలు నడిచి వెళుతున్నారని బోర్డులో చేరిన కొన్ని నెలలదాకా తనకు తట్టనే లేదని కార్టరే తర్వాత ఒప్పుకున్నాడు. రోజూ కళ్లముందు కనిపించేదే! అలాగని పిరికివాడు కాదు. నల్లవాళ్లకు సమాన హక్కులు రాకుండా తెల్లవాళ్లు పెట్టుకున్న సంఘంలో చేరమని ఊరి పెద్దలు వచ్చి అడిగారు. 5 డాలర్ల చందా మేమే కడతామన్నారు. చేరనంటే చేరనన్నాడు. కొన్నాళ్లు ఆయన గోదామును కొందరు వెలివేశారు కూడా.

ఇక ఆ సెనేటు పోటీ సంగతి. పార్టీ అభ్యర్థిని తేల్చే ప్రాథమిక ఎన్నికలో ఆయన ప్రత్యర్థి హోమర్ మూర్ కూడా గోదాము యజమానే. పోలింగ్ రోజున క్విట్‌మన్ కౌంటీలోని జార్జ్‌టౌన్ నుంచి కబురొచ్చింది. అక్కడ జో హర్స్ట్ అనే రాజకీయ పెద్ద మాటే శాసనం. ఓటు వేయడానికి చాటు లేదు. అందరి ఎదుటా బల్ల మీదే వేయాలి. హర్స్ట్ పక్కనే నిలబడి ఎవరికి వేయాలో చెబుతాడు. పెట్టె అంటే కన్నం పెట్టిన అట్టపెట్టె. అందులో చేయి పెట్టి వేసిన ఓటును మళ్లీ బయటికి తీయడం కూడా చూసినవాళ్లున్నారు. మనకు రిగ్గింగు అనే మాట కొత్త కాదు కదా, కానీ ఇంత తీరిగ్గా, పట్టపగలు!

ఫలితం వచ్చింది. కార్టర్ 139 ఓట్ల తేడాతో ఓడిపోయాడు. మరొకరైతే తిట్టుకుని ఊరుకునేవారు. ఆయన గడప గడపకూ తిరిగి సాక్షుల వాంగ్మూలాలు సేకరించాడు. ఇది కేవలం ఓడినవాడి ఏడుపని కొట్టిపారేసినవాళ్లూ ఉన్నారు. ‘అట్లాంటా జర్నల్’ విలేఖరి జాన్ పెన్నింగ్టన్ వచ్చి తవ్వితే ఒక్కొక్కటే బయటపడింది. ఓటేసినవాళ్లు 333 మంది, పెట్టెలో ఓట్లు 420. జాబితా చూస్తే చనిపోయినవాళ్లు, జైల్లో ఉన్నవాళ్లు వచ్చి ఓటేశారు. పైగా నూరుమందికి పైగా అక్షరక్రమంలో వరుసగా నిలబడి మరీ వేశారు! దొంగతనం చేసినా కాస్త కలిపి రాయాలన్న ఓపిక కూడా లేకపోయింది.

న్యాయమూర్తి ఆ పెట్టెను మొత్తంగా పక్కనపెట్టారు. కార్టర్ 65 ఓట్లతో బయటపడ్డాడు. అసలు ఎన్నికకు ముందురోజు రాత్రి మరో కోర్టు, బ్యాలెట్ మీద కార్టర్, మూర్ ఇద్దరి పేర్లూ కొట్టేసి, ఓటర్లు పేరు చేత్తో రాసేలా చూడమంది. అందులోనూ ఆయనే గెలిచాడు.

1963లో సెనేటులో అడుగుపెట్టి, సంతకం పెట్టే ముందు రైతు పత్రం చదువుకున్నట్టు, ఓటు వేసే ముందు ప్రతి బిల్లూ చదువుతానని మాటిచ్చాడు. అన్ని బిల్లులు మామూలు వేగంతో పూర్తికావని త్వరగా చదవడంలో శిక్షణ కూడా తీసుకున్నాడు.

1966లో గవర్నరు పదవికి పోటీ చేసి ఓడాడు, 1970లో గెలిచాడు. ఆ గెలుపు కోసం జాతి వివక్షను సమర్థించే ఓటర్లను బుజ్జగించాడు, అది నాకు నచ్చదు. అయితే 1971 జనవరిలో ప్రమాణ స్వీకారం చేసిన రోజునే జాతి వివక్షకు కాలం చెల్లిందని సభలో ప్రకటించాడు. ఓటేసినవాళ్లలో కొందరి ముఖాలు ఎలా మారి ఉంటాయో ఊహించుకోండి.

అధ్యక్ష పదవి ముగించుకుని 1981లో ప్లెయిన్స్ తిరిగొచ్చేసరికి వేరుశనగ గోదాము అప్పుల్లో మునిగి ఉంది. దాన్ని అమ్మేశారు. ఇల్లు మాత్రం ఉంచుకున్నారు, 1961లో కట్టుకున్నది. ఆ పుట్టినరోజు పొద్దున ప్యాంటు మార్చుకున్నది ఆ ఇంట్లోనే. 2024 డిసెంబరు 29న, నూరేళ్లు నిండాక, కన్నుమూసిందీ అక్కడే.