గాయెల్ గార్సియా బెర్నాల్: నాలుగు యాసల నటుడు, ఊరూరా సినిమా తిప్పిన నిర్మాత

మిత్రులారా, నమస్కారం.

కాసేపట్లో 'నో' చిత్రం చూడబోతున్నాం. అందులోని కథానాయకుడి గురించి నాలుగు మాటలు చెప్పమన్నారు. గాయెల్ గార్సియా బెర్నాల్ అందగాడన్న సంగతి పోస్టరే చెబుతుంది. నేను మాట్లాడదలచుకున్నది ఆయన నోటి గురించి, ఆపైన జేబు గురించి.

1978లో మెక్సికోలోని గ్వాదలహారాలో నటుల ఇంట పుట్టారు. చిన్నతనంలోనే టీవీ ధారావాహికల్లో కనిపించారు. లండన్‌లో నాటక విద్య అభ్యసించారు. 2000లో 'అమోరెస్ పెర్రోస్', మరుసటి ఏడు 'ఇ తు మమా తాంబియెన్' వచ్చేసరికి ఆయన పేరు మెక్సికో దాటిపోయింది.

అసలు సాహసం 2004లో కనిపిస్తుంది. 'ది మోటార్‌సైకిల్ డైరీస్'లో యువ చే గువేరాగా అర్జెంటీనా స్పానిష్ మాట్లాడారు. అదే ఏడాది స్పెయిన్ దర్శకుడు అల్మొదోవార్ తీసిన 'బ్యాడ్ ఎడ్యుకేషన్'లో స్పెయిన్ దేశస్థుడయ్యారు, ఆడవేషమూ కట్టారు. స్పానిష్ అంతా ఒకటే కదా అంటారా? శ్రీకాకుళం నటుడు కరీంనగర్ మనిషిగా నటిస్తూ ఒక్క మాట తేడాగా పలికితే హాల్లో ఎంత గోల అవుతుందో ఊహించండి. ఆయన ఆ పరీక్షకు మళ్లీ మళ్లీ కూర్చున్నారు.

ఇక జేబు. 2005లో చిన్ననాటి స్నేహితుడు దియేగో లూనాతోనూ పాబ్లో క్రూస్‌తోనూ కలిసి కనానా నిర్మాణ సంస్థ పెట్టారు. హాలీవుడ్ బొమ్మలతో నిండిన మెక్సికో థియేటర్లలో డాక్యుమెంటరీలకు చోటు దొరకడం గగనం. అందుకని అదే ఏడాది, ఒకచోట కూర్చోకుండా నగరం నుంచి నగరానికి తిరిగే డాక్యుమెంటరీ ఉత్సవం 'అంబులాంతే'ను మొదలుపెట్టారు. లాభం లెక్క వేసుకునేవారు చేసే పని కాదిది. నా దృష్టిలో ఆయన నటనకన్నా ఇదే పెద్ద పని.

'హూ ఈజ్ దయానీ క్రిస్టల్?' అనే 2013 డాక్యుమెంటరీని కూడా చెప్పాలి. అరిజోనా ఎడారిలో ఒక వలసకూలీ శవం దొరికింది. ఛాతీ మీద 'దయానీ క్రిస్టల్' అని పచ్చబొట్టు. అది అతని కూతురి పేరని తరువాత తేలింది. బెర్నాల్ ఈ చిత్ర నిర్మాణంలో పాలుపంచుకోవడమే కాదు, హోండురాస్ నుంచి ఆ మనిషి వచ్చిన దారినే తానూ ప్రయాణించారు, గూడ్సు రైలు పైకెక్కి మరీ.

దర్శకుడిగానూ 'దెఫిసిత్' వంటివి తీశారు. అవి నన్నంతగా ఆకట్టుకోలేదు.

ఈరోజు బొమ్మకొస్తే, పాబ్లో లరాయిన్ దర్శకత్వంలో 2012లో వచ్చింది. ఇక్కడ ఆయనది చిలీ యాస. 1988లో చిలీ నియంత పినోచెట్ పాలన కొనసాగాలా వద్దా అన్న ప్రజాభిప్రాయ సేకరణ కథ. ఇరుపక్షాలకూ టీవీలో రోజుకు పదిహేను నిమిషాలు ఇచ్చారు. వ్యతిరేక పక్షం ప్రచారాన్ని తయారుచేసే ప్రకటనల మనిషి మన కథానాయకుడు. ఉపన్యాసాలు ఇవ్వడు, శీతల పానీయం అమ్మినంత హాయిగా ప్రజాస్వామ్యాన్ని అమ్ముతాడు.

చివరిగా ఒక మనవి. బొమ్మ మసకగా ఉందని మన ప్రొజెక్టర్ ఆపరేటరును కేకలేయకండి. పాత వార్తా దృశ్యాలతో కలిసిపోవాలని 1980ల నాటి వీడియో కెమెరాలతో కావాలనే అలా తీశారు.