ఓబుల్ రెడ్డి వాళ్లమ్మది ఏ ఊరు?

ఎట్లుండారప్పా అందరూ? నా ఎనకాల కనపడేదేందో చెప్పే పనే లేదు. కొండారెడ్డి బురుజు. కర్నూలుకు చుట్టపుచూపుగా వచ్చినోళ్లు కూడా ఈడ నిలబడి ఒక ఫోటో దిగి, "ఒక్కడులో మహేశ్ బాబు ప్రకాశ్ రాజ్‌ను కొట్టింది ఈడేనా?" అని అడిగిపోతారు. ఈడేనప్పా. ఆ సినిమాలో చార్మినార్ సెట్టింగు, మన బురుజు మాత్రం అసలుది. ఈ మాట చెప్పకుండా ఏ కర్నూలోడూ ఊరుకోడు, నేనెందుకు ఊరుకుంటా?

కానీ ఈ పొద్దు హీరో ముచ్చట కాదు, విలన్ ముచ్చట కాదు. ఆ విలన్ ఓబుల్ రెడ్డికి తల్లిగా ఏసినామె ముచ్చట. నటి తెలంగాణ శకుంతల.

సినిమా వచ్చినప్పుడు మా అవ్వను కూడా పిల్చుకుపోయినాము. తెర మీద ఓబుల్ రెడ్డి వాళ్లమ్మ నోరు తెరవగానే మా అవ్వ నా మోచెయ్యి పట్టుకుని, "యా ఊరామె రా ఈమె, కోడుమూరా?" అనింది. నిజంగా మనోళ్లామే అనుకునింది. అంతకుముందు సినిమాల్లో అమ్మంటే ఏందప్పా? కొంగుతో కండ్లొత్తుకోవాల, కొడుకు కంచంలో అన్నం పెట్టాల. ఈమె ఆ గొంతేసుకుని వచ్చేసరికి, అంత పెద్ద ఓబుల్ రెడ్డికి ఈ తల్లే కరెక్టు అనిపించింది. సీన్లు లెక్కపెడితే చానా తక్కువ. గుర్తుండేది మాత్రం చానా ఎక్కువ.

మరి ఆమెది కోడుమూరు కాదు. పుట్టింది మహారాష్ట్రలో, 1951లో. ఇంటి భాష మరాఠీ. నాటకాల నుంచి వచ్చి, తెలంగాణ రైతుల పోరాటం మీద గౌతమ్ ఘోష్ తీసిన 'మా భూమి'తో సినిమాల్లోకి అడుగుపెట్టినారు. తెలంగాణ యాస ఎంత బాగా పట్టినారంటే, అదే పేరుకు ముందర చేరిపోయింది. అయినా జనం నోళ్లలో నానడానికి ఇరవై ఏండ్లు పట్టింది. 2001లో తేజ 'నువ్వు నేను' వచ్చినాక కదా ఆమె ఎవరని అందరూ అడిగింది!

ఒక మాట ఉన్నదున్నట్టు చెప్తా, తిట్టుకోవద్దండి. 'ఒక్కడు'లో ఆమె మాట్లాడింది అచ్చంగా మన యాస కాదు. సినిమావోళ్లకు సీమ యాస అని ఒకటే ఉంటాది. ఆదోని పక్కకు పోతే మాటలో కన్నడం కలుస్తాది, నంద్యాల పక్క ఇంకో తీరు. మరి మా అవ్వకు ఎందుకు మనామె అనిపించింది? తుంగభద్ర దాటితే తెలంగాణ పక్క అలంపూరే కదప్పా. మన సంతకు, మన ఆస్పత్రికి ఆపక్కోళ్లు వస్తానే ఉంటారు. వాళ్ల మాట మన చెవికి కొత్త కాదు. ఆ గొంతు ఇంకే ఊర్లో ఎట్ల వినపడిందో గానీ, కర్నూల్లో మాత్రం పక్కింట్లోంచి వినపడినట్టే ఉండె.

ఇంకోటి చూడండి. 2003 సంక్రాంతికి 'ఒక్కడు' వచ్చింది. అదే పండక్కి అరవంలో విక్రమ్ 'ధూల్' వచ్చింది. అందులో సొర్ణక్క అని ఒక విలన్. అదీ ఈమెనే! ఒకే పండక్కి రెండు భాషల్లో రెండు ఊర్లను గడగడలాడించినారు. 'ధూల్' తీసిన ధరణే మరుసటేడు మన 'ఒక్కడు'ను విజయ్‌తో 'గిల్లి'గా తీసినాడు.

ఆ తర్వాత ఏమాయె అంటే, అందరూ ఆమెతో అరిపించడం మొదలుపెట్టినారు. 'లక్ష్మి'లో వేణుమాధవ్‌తో చేసిన కామెడీకి నేను ఇప్పటికీ నవ్వుతా, అది వేరే సంగతి. కానీ 'మా భూమి'తో మొదలైన మనిషికి అరుపు తప్ప ఇంకేమీ రాసుకోలేకపోయినారే అని నాకైతే కడుపు మండుతాది.

2014 జూన్ 2న తెలంగాణ రాష్ట్రం వచ్చింది. జూన్ 14న హైదరాబాదులో గుండెపోటుతో ఆమె పోయినారు. పేరులో మోసిన రాష్ట్రాన్ని పన్నెండు రోజులే చూసినారు.

ఆ పొద్దు టీవీలో వార్త చూసి మా అవ్వ నాకు ఫోన్ చేసింది. "ఒరేయ్, ఓబుల్ రెడ్డి వాళ్లమ్మ పోయిందంట రా" అనింది. పేరు ఆమెకు అప్పటికీ తెల్దు.