గోడ మీద చుక్క

శ్రోతలకు నమస్కారం. రేడియోలో బొమ్మ చూపించలేను కదా, అందుకే ఇవాళ ఒక్క చుక్కతో సరిపెడతాను.

మధ్యప్రదేశ్‌లో మండ్లా జిల్లా. చుట్టూ అడవి. తండ్రి అటవీశాఖ ఉద్యోగి. 1922లో పుట్టిన ఆ పిల్లాడు, తర్వాత చిత్రకారుడైన సయ్యద్ హైదర్ రజా. బడిలో కుదురు లేదు. పాఠం ఒక దారి, చూపు ఒక దారి. మా మేష్టారైతే గోడకుర్చీ వేయించేవారు. ఆ హెడ్మాస్టరు మాత్రం గోడ మీద ఒక చుక్క పెట్టి, దాన్నే చూస్తూ కూర్చోమన్నాడు. అంతే. ఒక గోడ, ఒక చుక్క, ఒక పిల్లాడు.

1950లో రజా ఫ్రాన్స్ వెళ్లాడు. అరవై ఏళ్లు అక్కడే. ఊళ్లు, చర్చిలు, చెట్లు గీసి పేరు తెచ్చుకున్నాడు. అప్పుడు, యాభై దాటాక, ఆ చుక్క తిరిగొచ్చింది! పెద్ద కాన్వాసు నడుమ నల్లటి గుండ్రం. బిందువు అన్నాడు దాన్ని. విత్తనం లాంటిది, అన్నీ అందులోంచే మొలుస్తాయని ఆయన భావన. 2016లో ఢిల్లీలో పోతే, మండ్లాలో తండ్రి సమాధి పక్కనే పడుకోబెట్టారు.

ఇది అర్థం కాని బొమ్మ అంటారు కొందరు. మా విజయనగరంలో నెలగంట పెట్టాక చూడండి. తెల్లారకుండానే అమ్మ కళ్లాపి చల్లి, వంగి, రెండు వేళ్ల సందులోంచి పిండి జారుస్తూ చుక్కలు పెడుతుంది. మెలికల ముగ్గులో గీత చుక్కని తాకదు, చుట్టూ మెలి తిరిగి బయల్దేరిన చోటికే వస్తుంది. దాన్ని చూసి "ఇదేటి బొమ్మ?" అని వీధిలో ఎవరూ అడగరు. అదే మనుషులు ఎగ్జిబిషన్ హాల్లో మొదట అడిగేది ఆ మాటే. నాకైతే ఇది విచిత్రంగా ఉంటుంది.

ఈసారి అలాంటి బొమ్మ ఎదురైతే పేరు చదవకండి. అయిదు నిమిషాలు నిలబడండి. కన్ను ముందు ఎక్కడికి పోయింది, తర్వాత ఎటు పోయింది, అది చూసుకోండి చాలు.

ఈ ప్రసంగం రాసేముందు నేనూ గోడ మీద బొగ్గుతో చుక్క పెట్టి కూర్చున్నాను. రెండో నిమిషానికే చెయ్యి ఫోన్ కోసం వెతికింది. మూడో నిమిషంలో చుక్క పక్కన సున్నం పెచ్చు లేచి ఉండటం కనబడింది. ఇన్నేళ్లలో ఎప్పుడూ చూడలేదు. అమ్మ వంటింట్లోంచి తొంగిచూసింది.

"అక్కడేటుందిరా?"

"సుక్కమ్మా."

"మరి గీత ఎటేపు తిప్పుతావు?"