ఫోన్-ఇన్: పాలసీ మారి కాంట్రాక్టు మధ్యలో రద్దయితే

వ్యాఖ్యాత: నమస్కారం. లాయర్ గారు లైన్లో ఉన్నారు. మొదటి కాలర్, చెప్పండి.

కాలర్: నమస్తే సార్. ప్రభుత్వ రోడ్డు పని కాంట్రాక్టర్‌ని. సగం అయ్యాక, పాలసీ మారింది, అగ్రిమెంట్ రద్దు అని ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) గారు లెటరిచ్చారు. స్టే వస్తుందా సార్?

న్యాయవాది: ముందు ఇది చెప్పండి. చేసిన పనంతా ఎం-బుక్కులో, అంటే కొలతల పుస్తకంలో ఎక్కిందా?

కాలర్: జీఎస్‌బీ, అంటే అడుగు పొర వరకే సార్. పైన వేసిన డబ్ల్యూఎంఎం, అంటే తడి కంకర పొర ఎక్కలేదు. కంకర సైట్లోనే పడుంది. ఏఈ (అసిస్టెంట్ ఇంజినీర్) గారేమో ఫైనల్ బిల్లు మీద సంతకం పెట్టేయ్, డబ్బులు తొందరగా పడతాయంటున్నారు...

న్యాయవాది: ఆగండాగండి. పెట్టారా?

కాలర్: ఇంకా లేదండీ.

న్యాయవాది: పెట్టకండి. 'ఇక రావలసిందేమీ లేదు' అన్న వాక్యం అందులో ఉంటే మీ క్లెయిముకు అదే అడ్డం పడుతుంది. తప్పనిసరైతే 'అభ్యంతరంతో తీసుకుంటున్నాను' అని మీ చేత్తో రాసి పెట్టండి. జాయింట్ మెజర్‌మెంట్, అంటే ఇద్దరూ కలిసి కొలవడం కోసం రేపే ఈఈకి రిజిస్టర్డ్ పోస్టులో రాయండి, ఆయన పైఅధికారి ఎస్ఈకి కాపీ. వాళ్లు రాకపోతే చార్టర్డ్ ఇంజినీరుతో కొలిపించి, తేదీ పడేలా ఫోటోలు తీయించండి. వేరేవాళ్లు పైన ఇంకో పొర వేశారంటే మీ పని కొలవడానికి కనపడదు.

కాలర్: సరే సార్. మరి స్టే...

న్యాయవాది: 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలో 20ఏ సెక్షన్ చేర్చారు. రోడ్డు లాంటి ప్రాజెక్టు ఆలస్యమయ్యేలా సివిల్ కోర్టు ఇంజంక్షన్, అంటే ఆపమనే ఉత్తర్వు ఇవ్వకూడదు. హైకోర్టులో రిట్ (ప్రభుత్వ చర్య మీద వేసే పిటిషన్) వేరు. సరైన కారణం లేకుండా పైవాళ్ల మాట మీద రద్దు చేశారని చూపించగలిగితే నిలబడుతుంది. కోల్‌కతా అండర్‌పాస్‌ల కాంట్రాక్టు రద్దును ఇలాంటి కారణంతోనే 2024 జులైలో సుప్రీంకోర్టు కొట్టేసింది. ఆర్టీఐ పెట్టి, రద్దు నిర్ణయం ఎలా జరిగిందో రాసుండే నోట్ ఫైలు తెప్పించుకోండి.

కాలర్: అంటే స్టే రాదంటారా?

న్యాయవాది: బాబూ, పని తిరిగి రావడం కష్టం. డబ్బు మీద మాత్రం మీకు హక్కుంది. చేసిన పని, సైట్లో కంకర, డిపాజిట్ అడగండి. మిగిలిన పని మీద పోయిన లాభం కూడా. 1984లో ఒక కేసులో సుప్రీంకోర్టు మిగిలిన పని విలువలో 15 శాతం ఇప్పించింది. అయితే 'కారణం లేకుండానే ముగించవచ్చు, చేసినంతకే చెల్లిస్తాం' అన్న క్లాజు ఉంటే ఆ లాభం రావడం కష్టం. బ్యాంక్ గ్యారంటీ గడువు చూసుకోండి, రెన్యూ చేయకపోతే ఆఫీసు ఎన్‌క్యాష్ చేసుకుంటుంది. ఫైనల్ బిల్లు మీద సంతకం...

కాలర్: పెట్టను సార్.

వ్యాఖ్యాత: థ్యాంక్యూ. తర్వాతి కాలర్.

కాలర్: సార్, మాకు అగ్రిమెంటే రాయలేదు. నోటిమాట మీద చేశాం.

న్యాయవాది: రాజ్యాంగం ఆర్టికల్ 299 ప్రకారం అది కాంట్రాక్టు కింద లెక్కకు రాదు. ప్రభుత్వం ఆ పనిని వాడుకుంటుంటే కాంట్రాక్ట్ చట్టం 70వ సెక్షన్ కింద దాని విలువ అడగొచ్చు.

వ్యాఖ్యాత: సమయం తక్కువుంది. ఇంకొకరు.

కాలర్: రద్దయి రెండున్నరేళ్లయిందండీ. వినతిపత్రాలు ఇస్తూనే ఉన్నాం.

న్యాయవాది: వినతిపత్రాలతో గడువు ఆగదు! కేసు వేయడానికి రద్దయిన నాటి నుంచి మూడేళ్లే. ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి తీర్పు) క్లాజుంటే ఆర్బిట్రేషన్ చట్టం సెక్షన్ 21 నోటీసు ఈ వారమే పంపండి. లేకపోతే సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 నోటీసు ఇచ్చి రెండు నెలలు ఆగి దావా వేయాలి. ఫైనల్ బిల్లు మీద సంతకం పెట్టలేదు కదా?

కాలర్: పెట్టేశామండీ...

న్యాయవాది: అయ్యో. ఏ పరిస్థితిలో పెట్టారో, ఆరోజే అభ్యంతరం రాశారేమో ఆ కాగితాలన్నీ తీసుకుని వెంటనే లాయర్ని కలవండి.

వ్యాఖ్యాత: ధన్యవాదాలండీ. వార్తలకు వెళ్దాం.